తీర్పులో నడుస్తున్న అంగడి

నిక్షేపంగా నడుస్తున్న అంగడికి దగ్గరుండి తాళం వేయించిన ఘనుణ్ణి నేను. పుంగనూరు బజారులో ఆ పేరు ఇప్పటికీ నాదే, ఎవరూ పోటీకి రాలేదు. అప్పులు మీదపడి మూసేవాళ్లుంటారు. అన్నదమ్ములు కొట్టుకుని మూసేవాళ్లుంటారు. సరుకు ఉండగా, గిరాకీ ఉండగా, కేసు గెలవాలని మూయించినవాణ్ణి మాత్రం నేనొక్కణ్ణే. పైగా అది నా అంగడి కాదు. మా అక్కది.

అంతమాత్రాన నన్ను తెలివిలేనివాడంటే ఒప్పుకోను. మదనపల్లెలో మా నాయన బియ్యం అంగట్లో మూటల మీద పడుకుని పెరిగినవాణ్ణి. నా పెళ్లికి మేళగాళ్లతో బేరం నేనే ఆడుకున్నాను, పసుపు బట్టలతోనే. మా వీధి అంతా అంగళ్లవాళ్లే. కొనేటప్పుడు ఒక మొహం, అమ్మేటప్పుడు ఒక మొహం, పన్నుల అధికారి వచ్చినప్పుడు ఇంకో మొహం. ఆ మూడోది మా నాయన దగ్గర చూడాలి. జీపు వీధి మొదట్లో ఉందని కబురు రాగానే మూటలు పక్కింటి దొడ్లోకి పోయేవి. మంచి చొక్కా విప్పేసి, మాసిన బనియన్‌తో గల్లాపెట్టె ముందు కూర్చునేవాడు. అధికారి ఖాళీ అంగడి చూసి, మా నాయన మొహం చూసి, ఏదో రాసుకుని పోయేవాడు. ఖాళీ అంగడి చూపిస్తే సర్కారు మనసు కరుగుతుందన్న నమ్మకం నాకు అక్కడే అబ్బింది. మా అక్కను ముంచింది ఆ నమ్మకమే.

మా బావది పుంగనూరులో తాళ్ల అంగడి. ఒకప్పుడు ఎద్దుల పగ్గాలు, ముకుతాళ్లు, బావి చేంతాళ్లు. ఇప్పుడు టమోటా చెట్లను కట్టెలకు కట్టే దారం, సాళ్ల మీద పరిచే ప్లాస్టిక్ షీటు, పిట్టలు రాకుండా కప్పే వల. పెద్దపంజాణి వైపు రైతులందరికీ అరువు. టమోటా పెట్టెకు ధర పలికినప్పుడు ఇస్తారు, పలకనప్పుడు ఇవ్వరు. అరువు ఎవరికి ఎంత ఇవ్వాలో బావ వాళ్ల బోరును బట్టి తేల్చేవాడు. ఫలానా ఆయప్ప బోరులో ఈ ఎండాకాలం నీళ్లు నిలుస్తాయా నిలవవా అన్నది ఆ రైతుకంటే ముందు బావకు తెలిసేది. ఎట్లా తెలుసు బావా అంటే, దారం కొనేటప్పుడు సెయ్యి సూడు, ఉండ మొత్తం తీసుకుంటాండాడా సగం కోసియ్యమంటాండాడా అనేవాడు. అంగడంటే అది. తాళ్లు ఎవరైనా వేలాడదీస్తారు.

కొబ్బరి తాళ్లు తమిళ దేశం నుంచి కుప్పానికి వస్తాయి. నెలకోసారి బావ మోపెడ్ మీద పోయి కట్టలు కట్టుకుని వచ్చేవాడు. లగేజీ ఆటో బాడుగ మిగులుతుందని. ఆ మిగులుబాటు సలహా నాది కాదు, ఈ ఒక్కదానికి నన్ను వదిలేయండి. శాంతిపురం దాటాక, గ్రానైట్ దిమ్మెలు వేసుకొస్తున్న లారీ వెనక నుంచి తగిలింది. నేను పోయేసరికి బావను కుప్పం ఆస్పత్రికి చేర్చేశారు. అప్పటికే ప్రాణం పోయింది. రోడ్డు మీద చెదిరిన తాళ్ల కట్టల్ని మాత్రం ఎవరో పక్కకు తీసి, ఒకదాని మీద ఒకటి సరిగ్గా పేర్చిపెట్టి ఉన్నారు. ఆ చేతులెవరివో నాకు ఇప్పటికీ తెలియదు. ఈ మొత్తం వ్యవహారంలో మర్యాదగా నడుచుకున్నది ఆ తెలియని మనిషి ఒక్కడే.

కర్మలయ్యాక అక్క అంగడి తెరిచింది. అంగళ్లవాళ్లలో అది కొత్తేమీ కాదు. షట్టరు ఎక్కువ రోజులు దించి పెడితే గిరాకీ ఇంకో గడపకు అలవాటుపడుతుంది. తెల్లచీర కూడా కట్టలేదు, మామూలు నూలుచీరలోనే గల్లా ముందు కూర్చుంది. అత్త ఇంట్లో ఉంది, కూతురు ఇంటరు, కొడుకు ఎనిమిదో తరగతి. బజారంతా మెచ్చుకుంది. నేనూ మెచ్చుకున్నాను. బావ ఉన్నప్పటి బేరంలో సగానికి కొంచెం ఎక్కువ నడిచేది. బోరు నీళ్ల సంగతి అక్కకు తెలియదు కదా, అరువు బాకీలు కొన్ని మునిగాయి. అయినా ఇల్లు గడిచింది.

మదనపల్లె కోర్టులో నష్టపరిహారం కేసు వేశాం. ఆ సమయంలోనే ఒకాయన అంగడికి వచ్చాడు. శుభ్రమైన చొక్కా, నిదానమైన మనిషి. ఆవును కట్టడానికి నైలాన్ తాడు కావాలన్నాడు. కొంటూ కొంటూ, సార్ లేరామ్మా అని అడిగాడు. లేరు సార్, నేనే సూసుకుంటాండాను అంది అక్క. బిల్లు అడిగాడు. రాసిచ్చింది. బేరంలో నా శిష్యురాలు కాబట్టి, మంచి మనిషిలా ఉన్నాడని పది రూపాయలు తగ్గించింది కూడా. పోతూ పోతూ రోడ్డు అవతల నిలబడి సెల్లు చెవి దగ్గర పెట్టుకున్నాడు. మాట్లాడుతున్నాడనుకున్నాం. ఫొటో తీశాడు.

ఆ బిల్లు, ఆ ఫొటో లారీ ఇన్సూరెన్సు కంపెనీ తరఫున కోర్టులో దాఖలయ్యాయి. ఫొటోలో అక్క నవ్వుతోంది. పది రూపాయలు తగ్గించేటప్పుడు ఎవరైనా నవ్వుతారు.

అక్కను బోనెక్కించిన రోజు నేను వెనక బెంచీలో ఉన్నాను. కంపెనీ లాయరు కుర్రవాడు, గొంతు మెత్తన. మీ భర్త చనిపోయాక అంగడి నడుస్తోందా లేదా, అవును కాదు అని చెప్పండమ్మా అన్నాడు.

"నడస్తాంది సార్. మూసుకుని కూసుంటే నా పిల్లోళ్లకు మీరేమన్నా పెడ్తారా?"

కోర్టులో ఇద్దరు ముగ్గురు నవ్వారు. రాసుకునేవాళ్లు మాత్రం మొదటి ముక్కే రాసుకున్నారు. అంగడి నడుస్తున్న మాట నిజమే అని. రెండో ముక్క, అసలు ముక్క, గాలిలో పోయింది. మా అంగట్లో నేను కిలో చక్కెరలో పది గ్రాములు తగ్గిస్తే తూనికల శాఖ వాళ్లు వచ్చి పట్టుకుంటారు. ఒక మనిషి మాటలో సగం కోసేస్తే పట్టుకునే శాఖ ఎక్కడుందో నాకు తెలియలేదు.

అయినా మదనపల్లె కోర్టు మా మాటే విన్నది. బావ సంపాదన నెలకు పదిహేను వేలు అని లెక్కగట్టి, వయసుకు ఇంత, ఇంట్లోవాళ్లకు ఇంత అని కలిపి, మొత్తం ఇరవై నాలుగు లక్షలు, పైన వడ్డీ ఇమ్మంది. ఇంటికొచ్చాక అక్క ఒకటే అడిగింది, దీంతో పాపను నర్సింగు సదివించొచ్చు కదా అని. సదివించొచ్చక్కా అన్నాను. అప్పటికి నా గొంతులో ధీమా ఉంది.

కంపెనీ హైకోర్టులో అప్పీలు వేసింది. కారణం మళ్లీ అదే ఫొటో. అంగడి ఉంది, సరుకు ఉంది, గిరాకీ ఉంది. పోయింది యజమాని పర్యవేక్షణ ఒక్కటే. దానికి ఐదు వేల జీతంతో ఒక గుమాస్తాను పెట్టుకుంటే సరిపోతుంది, కాబట్టి నష్టం నెలకు ఐదు వేలే.

మా లాయరు ఆ కాగితాన్ని తెలుగులో చెబుతుంటే నాకు ఒళ్లు మండిపోయింది. మా బావను గుమాస్తా జీతానికి బేరమాడుతున్నారు. నేను బేరగాణ్ణే, సిగ్గులేని బేరగాణ్ణి. కాని ఎంత దిగజారినా సరుకు చూడకుండా ధర చెప్పను. ఐదు వేలకు బోరు నీళ్లు చూసి అరువిచ్చే గుమాస్తా దొరికితే ఆ కంపెనీ వాళ్లే నాకు పంపించాలి, రెండింతలు ఇచ్చి పెట్టుకుంటాను. అసలు కోపం అది కూడా కాదు. మొగుడు పోయాక మూలన పడి ఏడ్చిన ఆడమనిషికైతే ఎక్కువ లెక్క. లేచి, మొహం కడుక్కుని, పిల్లల కోసం గల్లా ముందు కూర్చున్న ఆడమనిషికైతే తక్కువ. ఆమె చెమట కూడా ఆమె మొగుడి చావులో తగ్గింపు కింద రాసుకుంటారట. ఇదెక్కడి కాటా అప్పా?

మాకొక్కళ్లకే కాదు. లాయరు ఆఫీసు వసారాలో కురబలకోట వైపు నుంచి వచ్చిన ఒక గొర్రెల కాపరి కలిసేవాడు. లారీ తొక్కి మోకాలి కింద కాలు తీసేశారు. ఆయన కేసులోనూ కంపెనీ అప్పీలు వేసింది. మంద తగ్గలేదట, పైగా పెరిగిందట. గొర్రెలు వాటంతట అవే మేస్తాయి కదా అని అడిగారట.

"గొర్రె మేస్తాది సార్, కాదనల్యా. దాని ఎనకాల నా పెండ్లాం నడస్తాంది. అది ఎవురూ అడగల్యా," అన్నాడు ఆయన, కర్రను గోడకు ఆనించి. తర్వాత నా బీడీ ఒకటి అడిగి తీసుకున్నాడు.

ఆ రోజు బస్సులో పుంగనూరు వస్తూ నేను ఆలోచించాను. వాళ్ల వాదమంతా ఒక్క కాలి మీద నిలబడి ఉంది: అంగడి నడుస్తోంది. నడవకపోతే? ఆ కాలు విరిగినట్టే కదా. మా నాయన మాసిన బనియన్ నా కళ్లముందుకొచ్చింది. బస్టాండులో దిగేసరికి పథకం సిద్ధం.

అక్క ఒప్పుకోలేదు.

"నడిసే అంగడి మూస్తే మల్లా తెరుసుకోదురా. నువ్వు పుట్టి పెరిగింది అంగట్లోనే కదా, నీకు జెప్పల్నా?"

కొన్ని నెలలే అక్కా అన్నాను. పెద్ద కోర్టు కదా, తొందరగా చూస్తారన్నాను. కంపెనీ వాడు మళ్లీ ఫొటోకు వస్తాడు, తాళం చూస్తాడు, వాడి నోరు పడిపోతుంది అన్నాను. ఐదు వేలకు నా బావను అమ్ముకుంటావా అని కూడా అన్నాను. ఆ చివరి మాట అనకుండా ఉండాల్సింది. అక్క లోపలికి పోయి తాళం చెవి తెచ్చి నా చేతిలో పెట్టింది.

లాయరును ఒక మాట అడిగి ఉండొచ్చు కదా అని మీకు అనిపిస్తుంది. అడగలేదు. రెండు కారణాలు. కొనబోయే సరుకు గురించి ముందుగా ఎవరికీ చెప్పకూడదన్నది మా వీధి ధర్మం. రెండోది, ఆయన దగ్గర కూర్చుని ఏ సలహా అడిగినా ఐదు వందలు. ఆ ఐదు వందలు మిగిల్చాను.

షట్టరు దించాం. ఎదుటి టీ అంగడాయనకు చెప్పిపెట్టాను, ఎవరైనా ఫొటో తీస్తే నాకు ఫోన్ చెయ్యమని. ఎవరూ తీయలేదు. ఒక నెల చూశాను, రెండు నెలలు చూశాను. ఫొటో తీసేవాడి కోసం మూసిన అంగడికి ఫొటో తీసేవాడే రాలేదు. ఇక నేనే మొదలుపెట్టాను. నెలనెలా మదనపల్లె నుంచి పోయి, ఆ రోజు పేపరు తాళం పక్కన పట్టుకుని, తేదీ కనబడేట్టు సెల్లులో ఫొటో. దారిన పోయేవాళ్లు నిలబడి చూసేవాళ్లు. ఏమప్పా, అంగడి అమ్మకానికి పెట్టినావా అని ఒకాయన అడిగాడు.

కంపెనీ సగం డబ్బు కోర్టులో కట్టి, మిగతాదానికి స్టే తెచ్చుకుంది. కట్టినదాంట్లోంచి ఆరు లక్షలు తీసుకోవడానికి మాకు అనుమతి వచ్చింది. అంగడి మూసి ఉంది కాబట్టి ఆ ఆరు లక్షలనే తింటూ కూర్చున్నాం. పాప నర్సింగు మొదటి ఏడాది ఫీజు అందులోంచే పోయింది, బియ్యమూ అందులోంచే, అత్త కంటి ఆపరేషనూ అందులోంచే. అప్పీలు ఎక్కడుందని అడిగితే, వరుసలో ఉంది అనేవాడు లాయరు. ఏడాది దాటింది. ఇంకో ఏడాది. టమోటా ధర ఒకసారి ఆకాశానికి పోయింది, రైతులు చేతిలో డబ్బులతో బజారుకు వచ్చారు, మా షట్టరు ముందు నిలబడి, పక్క వీధిలో కొత్తగా తెరిచిన దారం అంగడికి పోయారు. బాకీ ఉన్నవాళ్లలో కొందరు మంచివాళ్లు ఇంటికొచ్చి ఇచ్చారు. మిగతావాళ్లు, మూసిన అంగడికి బాకీ ఏంది అనుకున్నారు. వాళ్లను తప్పుపట్టను. నేనైనా అదే అనుకునేవాణ్ణి.

మూడో ఏడు విచారణ దగ్గరికొచ్చిందని కబురు తెలిసి, నా ఫొటోలన్నీ కలరులో ప్రింటు తీయించి, మంచి కవరులో పెట్టుకుని లాయరు దగ్గరికి పోయాను. బల్ల మీద వరసగా పరిచాను, పేకముక్కలు పరిచినట్టు. ఆయన ఒక్కొక్కటే చూశాడు. కళ్లద్దాలు తీసి తుడుచుకుని మళ్లీ చూశాడు.

"ఇదేందప్పా?"

"అంగడి నడవడంలేదని సాక్ష్యం సార్."

"నిజంగానే మూసేసినారా? యాల?"

చెప్పాను. ఆయన తిట్టకుండా, చిన్నపిల్లవాడికి చెప్పినట్టు చెప్పాడు. హైకోర్టు చూసేది కింది కోర్టులో దాఖలైన కాగితాలనే. వాటిలో ఉన్నది తెరిచిన అంగడి, నవ్వుతున్న మా అక్క. సాక్ష్యం ముగిశాక మనంతట మనం మూసి తెచ్చిన ఫొటోలను ఎవరూ ముట్టుకోరు. ముట్టుకుంటే ఇంకా ప్రమాదం, కేసు కోసమే మూశారని కంపెనీ వాళ్లు అంటారు, అది నిజం కూడా.

"నన్నొక మాట అడిగుంటే?"

"ఐదు నూర్లు తీసుకుంటారని అడగల్యా సార్."

ఆయన ఫొటోలు కవరులో పెట్టి నా చేతికిచ్చాడు. ఆ రోజు ఫీజు అడగలేదు. అది ఇంకా అవమానంగా ఉంది.

తర్వాత కొన్ని వారాలకు తీర్పు వచ్చింది. కంపెనీ అడిగినంతా ఇవ్వలేదు. నెలకు పదిహేను వేలను పది వేలు చేసి, ఇరవై నాలుగు లక్షలను పదిహేడు చేశారు. మా లాయరు ఆ పేజీ తెలుగులో చదివి వినిపించాడు. భర్త మరణానంతరం భార్య వ్యాపారాన్ని కొనసాగిస్తున్నందున, అని ఉంది. కొనసాగిస్తున్నందున. నాలుగేళ్ల కింద ఒక మధ్యాహ్నం, ఆవు లేని ఒక మనిషి ఆవు కోసం తాడు కొని తీసుకున్న ఫొటోలో అక్క ఇంకా నవ్వుతూనే ఉంది, గిరాకీ ఇంకా వస్తూనే ఉంది. పుంగనూరులో షట్టరుకు తుప్పు పట్టింది. తీర్పులో మాత్రం మా అంగడి నేటికీ దివ్యంగా నడుస్తోంది.

అక్కకు చెప్పినప్పుడు వంటింట్లో ఉంది. విని, చేతులు తుడుచుకుని, "ఆ కాగితంలో నడిసే అంగడి తాళంసెవి ఎవురి దగ్గరుండాదో కనుక్కునిరా. పోయి కూసుంటా," అంది. నవ్వలేదు. నా వైపు చూడలేదు కూడా.

షట్టరు ఎత్తించాం. కొబ్బరి తాళ్లను ఎలుకలు కొట్టేశాయి. ప్లాస్టిక్ షీటు చుట్టలు రేకుల వేడికి అట్టల్లా పెళుసెక్కి, విప్పితే విరుగుతున్నాయి. నేను కుప్పం పోయాను, బావకు సరుకిచ్చిన తాళ్ల వ్యాపారి దగ్గరికి. ఆయన కాఫీ తెప్పించాడు, బావను తలుచుకున్నాడు, అరువు మాత్రం ఇవ్వనన్నాడు. మీ బావ ఉన్నన్నాళ్లూ మాట మీద కట్టలు పంపినాను, ఆయమ్మ తెరిచినప్పుడూ పంపినాను, మూసేసినోళ్లకు ఎట్లా పంపేదప్పా అన్నాడు. ఆయన అన్నదాంట్లో తప్పు వెతికాను. దొరకలేదు. మా అక్కకున్న పరపతి, మొగుడు పోయాక తన సొంతంగా నిలబెట్టుకున్నది, దాన్ని కంపెనీ తగ్గింపు కింద రాసుకుంది, నేను పూర్తిగా కొట్టేశాను.

ఇప్పుడు అక్క బజారులో గది వదిలేసి, ఇంటి ముందు గదిలో దారం ఉండలు పెట్టుకుని అమ్ముతోంది. రొక్కం బేరమే. పాప నర్సింగు ఆఖరి ఏడాదిలో ఉంది, అది మాత్రం ఆగలేదు.

కంపెనీని నేను క్షమించలేదు, క్షమించను. నాది తెలివితక్కువతనం, ఒకసారి చేశాను, మళ్లీ చేయను. వాళ్లది పద్ధతి. ఆ శుభ్రమైన చొక్కా మనిషి ఈ రోజు కూడా ఎవరి అంగట్లోనో ఏదో కొంటూ, సార్ లేరామ్మా అని అడుగుతూ ఉంటాడు. కాని అంగట్లో పెరిగినవాణ్ణి కాబట్టి, ఎదుటివాడి బాకీ చెప్పేటప్పుడు నా బాకీ దాచను. లెక్క ఇది.

వచ్చింది: తీర్పు సొమ్ము పదిహేడు లక్షలు, వడ్డీ నాలుగున్నర. మొత్తం ఇరవై ఒకటిన్నర లక్షలు. అందులో లాయర్లకు రెండున్నర, కాగితాలకు, బస్సులకు నలభై వేలు. అక్క చేతికి మిగిలింది పద్దెనిమిది లక్షల అరవై వేలు. ముందుగా తిన్న ఆరు లక్షలు కూడా ఇందులోవే.

కంపెనీ కోసింది: ఏడు లక్షలు. దాని మీద రావాల్సిన వడ్డీ వేరే, అది వాళ్ల పాపాన వదిలేస్తున్నాను.

నేను కోసింది: మూసి ఉన్నన్నాళ్లు అక్క సంపాదించగలిగి ఉండీ సంపాదించనిది నాలుగు లక్షలు. వసూలు కాని బాకీలు రెండు లక్షల పాతిక వేలు. ఎలుకలకు, ఎండకు పోయిన సరుకు అరవై వేలు. మూసిన గదికి కట్టిన బాడుగ లక్ష. వెరసి ఏడు లక్షల ఎనభై ఐదు వేలు. ఫొటోల ప్రింటు ఖర్చు నాదే, అది కలపలేదు.

ఇందులోంచి లాయరు దగ్గర మిగిల్చిన ఐదు వందలు తీసేయాలి. పోగా ఏడు లక్షల ఎనభై నాలుగు వేల ఐదు వందలు, అక్కకు నేను బాకీ. ఇప్పటిదాకా కట్టింది లక్షా పదివేలు.